కోరుట్ల డాక్టరు నంబరు

మా ఇంటికి కొత్తవాళ్లు ఎవరొచ్చినా బాపు, అంటే మా నాన్న, మొదట మంచినీళ్లు ఇప్పిస్తాడు. ఆ తర్వాత "నంబరున్నదా నీకు?" అని అడుగుతాడు. ఆయన అడిగేది లైసెన్సు నంబరు. కరెంటు మీటరు బిగించడానికి వచ్చినతన్ని అడిగాడు. ఇన్సూరెన్సు గురించి చెప్పడానికి వచ్చినామెను అడిగాడు. ఒకసారి చెయ్యి చూసి జాతకం చెబుతానన్న ఆయన్ను కూడా అడిగితే, ఆయన సంచి భుజానికేసుకుని, ఇచ్చిన నీళ్లు కూడా తాగకుండా వెళ్లిపోయాడు.

ఈ అలవాటు బాపుకు దుబాయి వల్ల వచ్చింది. మాకు పెగడపల్లి దగ్గర పొలం, జగిత్యాలలో చిన్న ఇల్లు. నేను బడికి పోయే రోజుల్లో ఒక ఏజెంటు కంపెనీ పని అని నమ్మించి బాపును విజిట్ వీసా మీద పంపించాడు. తీరా వెళ్తే అక్కడ కంపెనీ లేదు, పని లేదు. మన పక్క ఊళ్లవాళ్ల గదిలో తలదాచుకుని తిరిగొచ్చాడు. తర్వాత సరైన దారిలో మళ్లీ వెళ్లి ఏళ్లకేళ్లు పనిచేసి వచ్చాడు గానీ, ఆ మొదటి దెబ్బను మాత్రం మరిచిపోలేదు.

నేను ఫార్మసీ చదివేటప్పుడు, గల్ఫ్‌కు మనుషులను పంపే ఏజెంట్లకు ప్రభుత్వం లైసెన్సు ఇస్తుందని, అది ఉందో లేదో ఫోన్లోనే చూసుకోవచ్చని ఒకరోజు బాపుకు చూపించాను. ఆయన ఆ పేజీని పైకీ కిందికీ జరుపుతూ చాలాసేపు చూశాడు.

"నేను పోయేటప్పుడు గిది తెలిసుంటే ఎంత మంచిగుండునో బిడ్డా" అన్నాడు.

అప్పటినుంచి మా వాడలో వీసా మాట ఎత్తినవాళ్లంతా ముందు మా ఇంటికే వచ్చేవాళ్లు. బాపు కళ్లద్దాలు ముక్కు మీదికి జార్చుకుని, ఒక వేలితో పేరు కొట్టి, "ఉన్నడు" అనో "లేడు" అనో తీర్పు చెప్పేవాడు. అప్పుడప్పుడు "ఉన్నడు గని తారీఖు అయిపోయింది" అనేవాడు. లైసెన్సుకు కూడా గడువు ఉంటుందని మా వాడలో చాలామందికి బాపు చెబితేనే తెలిసింది.

చదువయ్యాక నాకు సిరిసిల్లలో ఒక మందుల దుకాణంలో ఫార్మసిస్టుగా పని దొరికింది. ఒక నేతవాళ్ల ఇంట్లో పైగది అద్దెకు తీసుకున్నాను. కింద మరమగ్గాలు. మొదట్లో ఆ చప్పుడుకు తల పగిలిపోతుందనుకున్నాను. నెల తిరిగేసరికి కరెంటు పోయి మగ్గాలు ఆగితేనే, ఏమైందోనని ఉలిక్కిపడేదాన్ని. బాపు మొదటిసారి నా దుకాణం చూడటానికి వచ్చినప్పుడు, నన్ను పలకరించకుండా నేరుగా గోడ దగ్గరికి వెళ్లాడు. అక్కడ అద్దాల చట్రంలో నా రిజిస్ట్రేషన్ కాగితం వేలాడుతోంది. నంబరు చూసి, తారీఖు చూసి, అప్పుడు నా వైపు తిరిగి "తిన్నవా బిడ్డా?" అన్నాడు.

ఆదివారం సెలవు. వేములవాడ మీదుగా బస్సెక్కి ఇంటికి వచ్చేదాన్ని. అట్లాంటి ఒక ఆదివారం మా మేనత్త సంబంధం పట్టుకొచ్చింది. ఈమె బాపుకు అక్క. మేడిపల్లిలో ఉంటుంది. ఆమె ఇంట్లో బర్రెలు, మేకలు, కోళ్లు, వాటి మధ్య ఎక్కడో మా మామ ఉంటారు. అత్త గొంతు పెద్దది, మనసు ఇంకా పెద్దది. గడప దాటుతూనే మొదలుపెట్టింది.

"తమ్మీ, కోరుట్లల డాక్టరు పిలగాడున్నడు. సొంత దవాఖాన. పొద్దుగాల పోయి చూడు, లైను గడుతరు జనం. నడువచాతగాకుంటె ట్రాలీ ఆటోలల్ల ఏసుకొని అస్తరు. ఒక్క సూది ఏసిండంటే లేచి నిలవడాలె!"

అమ్మ ముఖం వెలిగిపోయింది. "ఏం డాక్టరు వదినె? గుండె డాక్టరా, ఎముకల డాక్టరా?"

"అన్నీ ఆయననే చూస్తడు. కాన్పులు గూడ చేస్తడు. ఎసొంటి కష్టం కాన్పన్న గని, చెయ్యి మంచిది."

మగ డాక్టరు కాన్పులు చేయడమేమిటని అమ్మకు కొంచెం ఇబ్బందిగా అనిపించినట్టుంది. కానీ డాక్టరు అన్న మాట ముందు అది నిలబడలేదు. అత్త ఫోన్లో ఫోటో చూపించింది. తెల్ల కోటు, మెడలో స్టెతస్కోపు, మోచేతుల దాకా మడిచిన కోటు చేతులు. నవ్వబోయి ఆపుకున్నట్టున్న ముఖం. నాకు ముఖం నచ్చింది. పైకి మాత్రం "చూద్దాం" అన్నాను.

బాపు గొంతు సవరించుకున్నాడు. "పేరు చెప్పు అక్కా. నంబరెంత?"

అత్త వెంటనే పది అంకెలు చదివింది.

"ఫోను నంబరు గాదు. డాక్టరు నంబరు."

"గది డాక్టరు నంబరే! నేను ఎన్నిసార్లు జేసిన."

బాపు ఇక లాభం లేదనుకుని నన్ను పక్కన కూర్చోబెట్టుకున్నాడు. డాక్టర్ల పేర్లు రాష్ట్ర మెడికల్ కౌన్సిల్ దగ్గర నమోదై ఉంటాయి. ఆ వెబ్‌సైటు తెరిచాను. చిత్రంగా వంకరటింకరగా ఉన్న అక్షరాలను చూసి కొట్టమన్నది. అది సున్నానా, అక్షరమా అని బాపూ నేనూ కొట్లాడుకున్నాం. రెండుసార్లు తప్పని చెప్పింది. మూడోసారి తెరుచుకుంది. అత్త చెప్పిన పేరు కొట్టాం. అదే పేరుతో కొందరు కనిపించారు గానీ ఒకరికి ఇంటిపేరు కలవలేదు, ఇంకొకరికి తండ్రి పేరు కలవలేదు, మరొకాయన బాపు కంటే పెద్దవాడు.

"పండ్ల డాక్టరేమో చూడు" అన్నాడు బాపు.

దంతవైద్యులకు వేరే కౌన్సిల్ ఉంది. అక్కడా లేడు. ఆయుర్వేదం, హోమియో కూడా చూశాం. ఎక్కడా లేడు. అమ్మ ముఖంలో వెలుగు మెల్లగా తగ్గిపోయింది.

"దొంగ డాక్టరా ఏందే?" అంది చిన్నగా.

అత్తకు కోపం ముంచుకొచ్చింది. "దొంగోడైతే గంతమంది ఎట్ల పోతరు? మా ఇంటికి ఎన్నిసార్లు అచ్చిండో తెల్సా? వానల గూడ అచ్చిండు. గసొంటి పిలగాన్ని ఫోన్ల దేవులాడుతున్నరు, సిగ్గుండాలె!" అని కొంగు దులుపుకుని మేడిపల్లి బస్సెక్కింది.

పేరు కనబడనంత మాత్రాన మనిషి మోసగాడని అనుకోకూడదని నాకు తెలుసు. కాగితాల్లో పేరు ఒక రకంగా, పిలిచే పేరు ఒక రకంగా ఉంటుంది. ఇంగ్లీషులో రాసేటప్పుడు అక్షరం అటూ ఇటూ అవుతుంది. అదే బాపుతో అన్నాను. సరైన దారి రిజిస్ట్రేషన్ నంబరు అడగడమే. కానీ పెళ్లిచూపులైనా కాకముందే పిలగాడికి ఫోన్ చేసి లైసెన్సుందా అని అడిగితే బాగుండదని అమ్మ అడ్డం పడింది.

"అయితే నేనే పోత" అన్నాడు బాపు. "మోకాలు నొస్తుందని పోత. నొస్తున్న మాట నిజమే గద. దవాఖాన గోడ మీద నంబరు చూసి అస్త."

సోమవారం నేను సెలవు పెట్టి బాపు వెంట బయలుదేరాను. పిల్ల ముందే పోయి పిలగాడిని చూడటమేమిటని అమ్మ ఆపబోయింది.

"నేను పోతున్నది పిలగాన్ని చూసెతందుకు కాదమ్మా, నంబరు చూసెతందుకు" అన్నాను. అందులో సగమే నిజం.

కోరుట్ల బస్టాండులో దిగి, ఒక ఆటో అతనికి డాక్టరు పేరు చెప్పాం. "ఎక్కుండ్రి" అని, మా వెనక అటూ ఇటూ చూశాడు. "ఏది, ఎక్కడున్నది?"

"ఏంది?" అన్నాడు బాపు.

"పేషెంటు."

"నేనే."

ఆటో అతను బాపును కింది నుంచి పైకి చూశాడు. ఏదో అనబోయి మానుకుని బండి తీశాడు. దారి పొడవునా అద్దంలోంచి మమ్మల్ని చూస్తూనే ఉన్నాడు.

ఊరి చివర రేకుల షెడ్డు ఉన్న ఒక ఆవరణ ముందు ఆపాడు. అత్త చెప్పినట్టే లైను ఉంది. ట్రాలీ ఆటో కూడా ఉంది. అందులోంచి ఒక బర్రెను దింపుతున్నారు. గేటు పక్కన ఇద్దరు మేకల తాళ్లు పట్టుకుని నిలబడ్డారు. ఒకామె ఒడిలో కుక్కపిల్ల మూలుగుతోంది.

"డాక్టరు పాల వ్యాపారం గూడ చేస్తడా?" అన్నాడు బాపు.

నేను బోర్డు చూశాను. పేరు మేం వెతికిన పేరే. దాని కింద 'పశువైద్యులు' అని పెద్ద అక్షరాలతో రాసి ఉంది. బాపు కళ్లద్దాలు తీసి, తుడిచి, మళ్లీ పెట్టుకుని చదివాడు. తర్వాత నా ముఖం చూశాడు. నాకు నవ్వు ఆగలేదు. ట్రాలీ ఆటోలు, ఒక్క సూదికి లేచి నిలబడటం, కాన్పులు, అన్నీ ఒక్కొక్కటిగా అర్థమై, గేటు పట్టుకుని కళ్లలో నీళ్లొచ్చేదాకా నవ్వాను.

"పోదాం పా" అన్నాడు బాపు మెల్లగా.

అప్పటికే ఆలస్యమైంది. షెడ్డులోంచి ఫోటోలోని మనిషి కేకేశాడు. "బాపూ, జరంత గీ మేక తలకాయ పట్టుకోండ్రి, గట్టిగ!"

బాపుకు పశువు కనబడితే చేతులు ఆగవు. పోయి మేక తలను చంకలో ఇరికించుకుని పట్టుకున్నాడు. ఒక ముసలవ్వ మేక అది, పొదుగు వాచి ఉంది. డాక్టరు మందు సీసా తీసి, వెలుతురుకు పెట్టి తారీఖు చదివి, అప్పుడు సిరంజిలోకి ఎక్కించాడు. నేను రోజూ చేసే పని అది. ఇంకొకరు ఎవరూ చెప్పకుండా చేస్తుంటే చూడటం బాగుంది.

"అవ్వా, గీ సూది ఏసినంక కొన్ని రోజులు పాలు అమ్మద్దు. మీరు గూడ తాగద్దు" అన్నాడు.

"ఏ, పారబోయాల్నా? పాలు మంచిగనే ఉన్నయి."

"నీ మనుమరాలికి పోస్తవు గద గా పాలు? మందు పాలల్లకు దిగుతది. పిల్లకు ఎందుకు పోసుడు?"

అవ్వ కాసేపు గొణిగి, చివరికి సరేనంది. డాక్టరు మేక వీపు తట్టి, చేతులు కడుక్కుంటూ బాపు వైపు తిరిగాడు. "చెప్పుండ్రి. ఏమైంది?"

తప్పించుకునే దారి లేక బాపు అనుకున్న మాటే అనేశాడు. "మోకాలు నొస్తుంది సార్."

"ఏ కాలు? ముందటిదా, ఎనుకటిదా?"

బాపు ఒకసారి తన కాళ్ల వైపు చూసుకున్నాడు. "నాకు ఎనుకటియి రెండే ఉన్నయి సార్."

లైనులో ఉన్నవాళ్లంతా ఒక్కసారి ఘొల్లుమన్నారు. డాక్టరు కూడా ఫోటోలో ఆపుకున్న నవ్వంతా అక్కడ నవ్వేశాడు. నవ్వుతూ నవ్వుతూ నన్ను చూసి ఆగిపోయాడు. అత్త మా ఇంట్లో ఫోటో చూపించినట్టే, వాళ్లింట్లో నా ఫోటో చూపించి ఉంటుందని నాకు అప్పుడు తట్టింది.

"మీరు సిరిసిల్ల..." అన్నాడు.

"ఫార్మసిస్టును" అన్నాను. చున్నీతో ముఖం కప్పుకునే సమయం దాటిపోయింది.

లోపల చిన్న గదిలో కుర్చీలు వేయించాడు. బాపు దాచలేదు. ఏజెంటు మోసం దగ్గర నుంచి నిన్న నాలుగు కౌన్సిళ్లలో వెతికిన దాకా అంతా చెప్పాడు. "మీ మీద అనుమానం గాదు సార్. నాకు అలవాటైపోయింది" అన్నాడు.

"పశువుల డాక్టర్లకు వేరే కౌన్సిల్ ఉంటది. మీరు మనుషుల డాక్టర్లల్ల చూస్తే నేనెట్ల దొరుకుత?" అని గోడ వైపు చూపించాడు. నా దుకాణంలో ఉన్నట్టే అద్దాల చట్రం. "నంబరు గాడున్నది, కొట్టుండ్రి."

ఆయన ముందే ఫోన్ తీసి చూడాలంటే నాకు మొహమాటమైంది. బాపుకు అలాంటివేమీ లేవు. "కొట్టు బిడ్డా" అన్నాడు. పశువైద్యుల రిజిస్టరు తెరిచి నంబరు కొట్టాను. పేరు, తండ్రి పేరు, చదువు, గడువు తారీఖు అన్నీ వచ్చాయి. బాపు ఒక్కో వరుసా గోడ మీది కాగితంతో సరిచూసుకుని, "ఉన్నడు" అన్నాడు. తర్వాత ఇంకొంచెం సంతోషంగా, "తారీఖు గూడ ఉన్నది" అన్నాడు.

డాక్టరు గొంతు తగ్గించి నాతో అన్నాడు. "ఒక మాట చెప్పాల్నా? నేను గూడ మీ పేరు ఫార్మసీ కౌన్సిల్ల చూసిన. దొరకలె."

నాకు చురుక్కుమంది. "లేకపోవుడేంది? నా కాగితం దుకాణం గోడకు ఉన్నది."

"ఉంటదనే అనుకున్న. అందుకే ఎవ్వలకు చెప్పలె."

ఆయన కొట్టిన పేరు చూశాను. మా ఇంటిపేరుకు ఇంగ్లీషులో ఒక 'ఏ' ఎక్కువ పెట్టాడు. నేను ఫోన్ తీసుకుని ఆ అక్షరం తీసేసి మళ్లీ వెతికాను. నా పేరు వచ్చింది. "గిప్పుడు చూసుకోండ్రి" అని ఫోన్ తిరిగి ఇచ్చాను. ఆయన బాపులాగే తారీఖు దాకా చదివి తల ఊపాడు. బాపు ఆ తల ఊపడం చూసి చాలా ముచ్చటపడ్డాడు. తిరుగు బస్సులో మేడిపల్లి వచ్చేదాకా, "పద్ధతి తెల్సిన పిలగాడు" అంటూనే ఉన్నాడు.

మేడిపల్లిలో దిగి అత్త ఇంటికి వెళ్లాం. విషయం చెబితే అత్త నడుం మీద చేతులు పెట్టుకుంది.

"పశువుల డాక్టరని నాకెర్కలేదనుకున్నవా తమ్మీ? మా బర్రెలను చూసేటోడే గద! మనుషుల డాక్టరని నేనెప్పుడన్న అన్ననా?"

ఆలోచిస్తే నిజంగానే అనలేదు. అత్త లోకంలో డాక్టరు అంటే బర్రెలకు వచ్చే డాక్టరే. మనుషులకు జ్వరమొస్తే ఆమె కషాయం కాస్తుంది.

అమ్మను ఒప్పించడం అంత తేలిక కాలేదు. వాడలో ఇద్దరు ముగ్గురికి డాక్టరు సంబంధం అని అప్పటికే చెప్పేసింది. రెండు రోజులు సరిగా మాట్లాడలేదు. మూడో రోజు ఫోన్లో, "పేడల పెట్టిన చేతితోని అన్నం తింటడాయె" అంది.

"మనుషుల డాక్టర్లు చేతులు దేంట్ల పెడుతరో తెల్సా అమ్మా నీకు?"

అమ్మ ఆ మాట పక్కన పెట్టేసింది. "నీకు నచ్చిండా?"

దుకాణంలో ఎవరూ లేరు. రోడ్డు మీద నూలు బేళ్లు వేసుకుని ఒక ఆటో పోతోంది. ముసలవ్వతో పాల గురించి ఓపికగా మాట్లాడిన ఆ గొంతు గుర్తొచ్చింది. నా పేరు దొరక్కపోయినా ఎవరికీ చెప్పకుండా ఉన్న సంగతీ గుర్తొచ్చింది. "నచ్చిండు" అన్నాను.

"గట్లయితే సరే. పెండ్లిచూపులకు రమ్మందాం" అంది అమ్మ. ఆ తర్వాత గొంతు మార్చి, "అచ్చేముందు చేతులు కడుక్కోమను" అంది.

పెళ్లి జగిత్యాలలో ఒక ఫంక్షన్ హాల్లో జరిగింది. అయ్యగారు మంత్రాలు చదువుతుండగా పెళ్లికొడుకు తమ్ముడు ఫోన్ పట్టుకుని మెల్లగా వేదిక ఎక్కాడు. ఏదో ఊళ్లో ఒకాయన బర్రె ఈనలేక అవస్థ పడుతోందట. డాక్టరుకు పెళ్లని తెలిసీ, వేరే దిక్కు తోచక ఫోన్ చేశాడట. పెళ్లికొడుకు నా వైపు చూశాడు. నేను "మాట్లాడండ్రి" అన్నాను. అయ్యగారు మంత్రం ఆపి, పూలమాల సర్దుతున్నట్టు నటిస్తూ చెవి అటే పెట్టాడు.

"కాలు ముందు అచ్చిందా, ముక్కు అచ్చిందా? ఊకనే గుంజకుండ్రి. మా దోస్తు డాక్టరున్నడు, దగ్గరనే ఉంటడు. ఇప్పుడే తోలుత" అని ఆ స్నేహితుడికి ఫోన్ చేసి ఊరి పేరు చెప్పి, నుదుటి మీద జారిన బాసికం సరిచేసుకుని కూర్చున్నాడు. తలంబ్రాలు పోసుకుంటున్నంతసేపూ ఆయన మనసు సగం ఆ కొట్టంలోనే ఉంది. నాది కూడా.

భోజనాల వేళకు కబురొచ్చింది. బర్రె క్షేమం, దూడ లేచి పాలు తాగుతోంది. పెళ్లికొడుకు ఆ మాట నా చెవిలో చెప్పి, అప్పుడు మొదటి ముద్ద నోట్లో పెట్టుకున్నాడు. అమ్మ వడ్డించే గరిటె చేత్తో పట్టుకునే ఆడవాళ్ల పంక్తిలోకి వెళ్లి, విస్తరి విస్తరికీ ఆగి చెబుతోంది:

"మా అల్లుడు పీటల మీద కూసుండే కాన్పు చేయించిండు. తల్లి, పిల్ల మంచిగున్నరట!"

ఎవరి కాన్పని వాళ్లు అడుగుతుంటే, అమ్మ వినిపించుకోకుండా పక్క విస్తరికి జరుగుతోంది. చివర కూర్చున్న అత్త మాత్రం తల ఎత్తి, "ఆడదా మగదా?" అని అడిగి, ఆడదేనని తెలిసి, ఇంకో రెండు గరిటెల పప్పు పోయించుకుంది.